1080 సెంటీమీటర్ల టైల్: గ.సా.భా చేయడం వచ్చినా వాడడం రాని ఒక అమ్మాయి కేసు

నేను విజయనగరం జిల్లాలో ఒక ప్రభుత్వ ఉన్నత పాఠశాలలో లెక్కలు చెబుతాను. ఈ కేసు ఏడో తరగతి చదివిన ఒక అమ్మాయిది. ఊరు, బడి, సంవత్సరం రాయడం లేదు. ఇంటి వివరాలు కూడా ఎవరూ గుర్తుపట్టకుండా కొంచెం మార్చాను. లెక్కల్లోని అంకెలు మాత్రం అప్పుడు నోటు పుస్తకంలో రాసుకున్నవే. ఈ కేసులో నేను మూడుసార్లు తప్పు దారిలో వెళ్ళాను. ఒక్కోసారి ఎందుకు ఆ దారి పట్టానో రాస్తే ఇదే పాఠం చెప్పే మరొకరికి పనికొస్తుందని ఇది రాస్తున్నాను.

నేపథ్యం

అమ్మాయి తండ్రి టైల్స్ మేస్త్రీ. సోమవారం పొద్దున్నే రైలెక్కి విశాఖపట్నం వెళ్తే మళ్ళీ శనివారం రాత్రికే ఇల్లు. తల్లి ఇంట్లో జాకెట్లు కుడుతుంది. నాయనమ్మ కూడా వాళ్ళతోనే ఉంటుంది. అమ్మాయి బడి మానదు. ఎక్కాలు గట్టిగా వచ్చు. సంఖ్యను ప్రధాన కారణాంకాలుగా విడగొట్టడంలో తరగతిలో అందరికంటే ముందుంటుంది. గ.సా.భా (గరిష్ఠ సామాన్య భాజకం, అంటే ఇచ్చిన సంఖ్యలన్నిటినీ శేషం లేకుండా భాగించే అతి పెద్ద సంఖ్య), క.సా.గు (కనిష్ఠ సామాన్య గుణిజం, అంటే ఆ సంఖ్యలన్నిటితో శేషం లేకుండా తెగే అతి చిన్న సంఖ్య) రెండూ తప్పు లేకుండా చేస్తుంది. ఆరో తరగతి చివర ఈ అమ్మాయి గురించి నాకు ఏ బెంగా లేదు.

సమస్య ఎలా బయటపడింది

ఏడో తరగతి మొదటి ఎఫ్‌ఏ (ఫార్మేటివ్ అసెస్‌మెంట్) పరీక్షలో ఈ లెక్క ఇచ్చాను: "ఒక గది పొడవు 5 మీటర్ల 40 సెంటీమీటర్లు, వెడల్పు 3 మీటర్ల 60 సెంటీమీటర్లు. కోయకుండా ఒకే సైజు చతురస్రపు టైల్స్ పరచాలి. వీలైనంత పెద్ద టైల్ భుజం ఎంత?"

అమ్మాయి 540, 360 అని సెంటీమీటర్లలోకి సరిగ్గా మార్చింది. కారణాంకాలు సరిగ్గా రాసింది. కింద "టైల్ భుజం = 1080 సెం.మీ." అని రాసి అడుగున గీత గీసింది. అది క.సా.గు.

గ.సా.భా బదులు క.సా.గు చేయడం ప్రతి తరగతిలో ఉండేదే. నన్ను ఆపింది అది కాదు. 1080 సెంటీమీటర్లంటే దాదాపు పదకొండు మీటర్లు. గది మొత్తం పొడవే 540. గదికి రెట్టింపు పొడవున్న టైల్‌ను ఆ గదిలో పరచమంటోంది ఆ జవాబు. రాసిందేమో టైల్స్ పరిచే ఇంటి పిల్ల. కాగితం మీది 1080కి, వాళ్ళ నాన్న మోసే టైల్‌కి మధ్య ఆ అమ్మాయి మనసులో ఏ సంబంధమూ లేదన్నమాట.

పిలిచి అడిగాను. "క.సా.గు అనుకున్నాను టీచర్. రెండిట్లో ఏదో ఒకటే కదా" అంది. భయపడి చెప్పలేదు, మామూలుగానే చెప్పింది. ఆ మాట రాసుకున్నాను. ఈ కేసుకు మొదలు అదే.

అక్కడికక్కడే 540, 360ల గ.సా.భా చేయమన్నాను. అర నిమిషంలో 180 అంది. కాబట్టి చేయడంలో లోపం లేదు. ప్రశ్నను సొంత మాటల్లో చెప్పమన్నాను. "గదిలో టైల్స్ వెయ్యాలి, కొయ్యకూడదు, పెద్దవి కావాలి" అంది. అంటే తెలుగు అర్థం కాక కూడా కాదు. ఈ రెండూ కాకపోతే మిగిలేది ఒక్కటే: 'భాజకం' అనే మాట విన్నప్పుడు ఆమెకు భాగహారం తప్ప కళ్ళ ముందు ఏ వస్తువూ రావడం లేదు. ఆ రోజు నేను అంత దూరం ఆలోచించలేదు. ప్రశ్న చూసి ఏది చేయాలో గుర్తుపట్టడం నేర్పితే చాలనుకున్నాను.

మొదటి ప్రయత్నం: గుర్తు మాటల పట్టిక

గోడ మీద ఒక చార్టు పెట్టాను. ప్రశ్నలో 'గరిష్ఠ', 'వీలైనంత పెద్ద', 'అతి పొడవైన' అని ఉంటే గ.సా.భా. 'కనిష్ఠ', 'కనీసం', 'మళ్ళీ ఎప్పుడు కలుస్తాయి' అని ఉంటే క.సా.గు. చాలామంది టీచర్లు ఇలాగే చెబుతారు. నేనూ చదువుకునేటప్పుడు ఇలాగే నేర్చుకున్నాను. దీన్ని ఎంచుకోవడానికి కారణం లేకపోలేదు. అమ్మాయికి రెండు పద్ధతులూ వచ్చు, ఎంచుకోవడమే రాదు, కాబట్టి ఎంచుకోవడానికి ఒక గుర్తు ఇస్తే సరిపోతుందనిపించింది.

వారం రోజులు బాగానే నడిచింది. ఇచ్చిన లెక్కలన్నీ సరిగ్గా చేసింది. ఆ తర్వాత వరండా లెక్క ఒకటి ఇచ్చాను. పొడవు 3 మీటర్ల 36 సెంటీమీటర్లు, వెడల్పు 2 మీటర్ల 40 సెంటీమీటర్లు. "ఒకే సైజు చతురస్రపు టైల్స్ కోయకుండా పరచాలి. కనీసం ఎన్ని టైల్స్ కావాలి?"

'కనీసం' అన్న మాట కనిపించింది. క.సా.గు చేసింది. 1680 వచ్చింది. 1680 టైల్స్ అని రాసేసింది.

టైల్స్ తక్కువ కావాలంటే ఒక్కో టైల్ పెద్దది కావాలి. 336, 240ల గ.సా.భా 48. పొడవున 7, వెడల్పున 5, మొత్తం 35 టైల్స్. ప్రశ్నలో 'కనీసం' అని ఉన్నా చేయాల్సింది గ.సా.భాయే. అమ్మాయి మాత్రం నా చార్టు చెప్పినట్టే చేసింది. ఆ తప్పు చార్టుది. మాట చూసి పద్ధతి ఎంచుకోమని చెప్పడమంటే ప్రశ్న గురించి ఆలోచించొద్దని చెప్పడమే. ఆ సాయంత్రమే చార్టు తీసేశాను.

రెండో, మూడో ప్రయత్నాలు

రెండు వారాలు నిచ్చెన పద్ధతిలో, అంటే రెండు సంఖ్యలనూ ఉమ్మడి కారణాంకాలతో వరసగా భాగిస్తూ పోయే పద్ధతిలో, ఎక్కువ లెక్కలు చేయించాను. చేతి వేగం పెరిగింది. ఎంపిక మాత్రం మారలేదు. దీని గురించి ఇంతకంటే రాయడానికి ఏమీ లేదు.

తర్వాత బొమ్మలు. బోర్డు మీద గది గీసి అందులో టైల్స్ గీసి చూపించాను. అమ్మాయి నోటు పుస్తకంలో అంతే అందంగా దించుకుంది. మర్నాడు కొత్త గది ఇస్తే దీర్ఘచతురస్రం గీసి అందులో నిలువు గీతలు, అడ్డ గీతలు కొట్టి, మళ్ళీ క.సా.గు చేసింది. చాలాసేపు ఆలోచిస్తే కారణం తెలిసింది. బోర్డు మీద టైల్ సైజు ముందే నేను తేల్చేసి గీస్తున్నాను. ఈ లెక్కలో తేల్చుకోవాల్సింది ఆ సైజు ఒక్కటే. దాన్ని నేనే తేల్చేస్తే ఆ అమ్మాయికి మిగిలింది దించుకోవడమే.

నాయనమ్మ మానిక

అప్పటికి ఒకటి అర్థమైంది. అమ్మాయి చేత్తో ఏదైనా కొలవాలి, అంకెలు తర్వాత రావాలి. ఇంట్లో కొలవడానికి వాడే వస్తువు ఏదైనా తెమ్మని తరగతి మొత్తానికి చెప్పాను. కొందరు టేపు తెచ్చారు, ఒకరు పాల డబ్బా. ఈ అమ్మాయి నాయనమ్మ దాచుకున్న మానిక, తవ్వ, సోల తెచ్చింది.

మా పెద్దవాళ్ళ లెక్కలో నాలుగు గిద్దలు ఒక సోల, రెండు సోలలు ఒక తవ్వ, రెండు తవ్వలు ఒక మానిక, నాలుగు మానికలు ఒక కుంచం. ఇసుకతో కొలిపించాను. సోలతో మానికను కొలుస్తూ అమ్మాయి అంది: "నాలుగు పోస్తే సరిపోయింది టీచర్. మిగులేటీ నేదు."

'మిగులు'. పుస్తకంలో దీన్ని 'శేషం' అంటాం, 'నిశ్శేషంగా భాగించు' అంటాం. ఏడాది పొడుగునా నేను 'నిశ్శేషంగా' అన్నా ఆ మాట ఆమెను తాకలేదు. అదే సంగతిని ఆ రోజు ఆమె తన మాటలోనే చెప్పింది. అప్పటి నుంచి తరగతిలో నేనూ 'మిగులు లేకుండా కొలిచే కొల' అనే మాటే వాడాను. 540ని 180 నిశ్శేషంగా భాగిస్తుందన్నా, 180 కొలతో 540 మిగులు లేకుండా సరిపోతుందన్నా ఒకటే. రెండోదే ఆమెకు కనిపించే మాట.

అయితే ఈ పాఠం మరో రకంగా బెడిసింది. మానికనూ తవ్వనూ కలిపి మిగులు లేకుండా కొలిచే అతి పెద్ద కొల ఏదంటే తవ్వే. కుంచం, సోల అంటే సోలే. ఎటు తిప్పినా చిన్నదే జవాబు. "అయితే రెండిట్లో చిన్నదే గ.సా.భా అన్నమాట" అని పిల్లలు తేల్చేశారు. ఈ కొలతలన్నీ రెట్లలోనే ఉండడం వల్ల అలా అయింది. చిన్నది పెద్దదాన్ని ఎప్పుడూ సరిగ్గా కొలుస్తుంది. బెత్తెడు, జాన, మూర కూడా అంతే. బెత్తెడు నాలుగు వేళ్ళు, జాన పన్నెండు, మూర ఇరవై నాలుగు. మన పెద్దలు కొలతల్ని తెలివిగా అలా అమర్చుకున్నారు కాబట్టి బియ్యం కొలిచే చోట, పూలు అమ్మే చోట గ.సా.భా వెతకాల్సిన పనే పడదు. చిన్నది పెద్దదానిలో సరిగ్గా ఇమడని చోటే దాని అవసరం. పాఠానికి నేను ఎంచుకున్న వస్తువులు ఆ అవసరాన్నే రానివ్వలేదు.

పనిచేసింది: రెండు కాగితం పట్టీలు

మరుసటి వారం చార్టు కాగితాన్ని పట్టీలుగా కోశాను. ఒకటి 84 సెంటీమీటర్లు, ఇంకొకటి 60. వాటి మీద అంకెలు రాయలేదు. స్కేలు కూడా ఇవ్వలేదు. దీనికి కారణం ఉంది. అంకె కనిపిస్తే ఆ అమ్మాయి వెంటనే కారణాంకాలు రాయడం మొదలుపెడుతుంది. ఆ అలవాటును కాసేపు పక్కన పెట్టించాలి. చిన్నది పెద్దదానిలో సరిగ్గా ఇమడకూడదు కాబట్టి 60, 84 ఎంచుకున్నాను.

"ఈ రెండు పట్టీలనూ మిగులు లేకుండా కొలిచే ఒకే ఒక కొల కావాలి. వీలైనంత పెద్దది. కత్తెర వాడుకోవచ్చు" అన్నాను.

ముందు ఊహ మీద మడతలు పెట్టి చూసింది. కుదరలేదు. తర్వాత చిన్న పట్టీని పెద్దదాని మీద పరిచింది. చివర కొంత ముక్క ఎక్కువ వచ్చింది. దాన్ని కోసి చేత్తో పట్టుకుని చాలాసేపు ఊరుకుంది. నేనూ మాట్లాడలేదు. అప్పుడు అడిగింది: "ఈ ముక్కని కూడా అదే కొల కొలవాలి కదా టీచర్?"

లెక్క మొత్తం ఆ ఒక్క ప్రశ్నలో ఉంది. ఒక కొల పెద్ద పట్టీని సరిగ్గా కొలిచి, చిన్న పట్టీనీ సరిగ్గా కొలిస్తే, ఆ రెండింటి తేడాను కూడా సరిగ్గా కొలిచి తీరాలి. కాబట్టి ఇక పెద్ద పట్టీ అక్కర్లేదు. చిన్న పట్టీ, ఈ ముక్క చాలు. ముక్కను చిన్న పట్టీ మీద పరిచింది. రెండుసార్లు పట్టి మళ్ళీ కొంచెం మిగిలింది. ఆ మిగులును ముక్క మీద పెట్టింది. సరిగ్గా రెండుసార్లు. మిగులు లేదు. "ఇదే కొల" అని ఆ చిన్న ముక్కను ఎత్తి చూపించింది.

అప్పుడు స్కేలు ఇచ్చాను. 12 సెంటీమీటర్లు. 84లో ఏడుసార్లు, 60లో అయిదుసార్లు.

అదే అతి పెద్దదని ఎలా నమ్మాలి? ఈ ప్రశ్న తరగతిలో మరో కుర్రాడు వేశాడు. ఎవరూ అడగకపోతే నేనే అడిగేదాన్ని. ముక్కలతోనే వెనక్కి నడిచాం. 12 ముక్క 24ను కొలుస్తుంది. 60 అంటే రెండు 24లు, ఒక 12, కాబట్టి 60నీ కొలుస్తుంది. 84 అంటే 60, 24, కాబట్టి దాన్నీ కొలుస్తుంది. అంటే 12 కొలగా పనికొస్తుంది. మరో వైపు నుంచి చూస్తే, రెండు పట్టీలనూ కొలిచే కొల ఏదైనా సరే 24ను కొలవాలి, 12నూ కొలవాలి. 12ను కొలిచేది 12 కంటే పొడవుగా ఉండలేదు. ఇంకే నిరూపణా చెప్పలేదు, ముక్కలు చూపిస్తే చాలింది.

ఇది చాలా పాత పద్ధతి. పెద్దదానిలోంచి చిన్నదాన్ని తీసేస్తూ పోయి ఉమ్మడి కొలను పట్టుకోవడం సుమారు క్రీ.పూ. 300 నాటి యూక్లిడ్ రాతల్లో ఉంది. మన దగ్గర క్రీ.శ. 499లో ఆర్యభటుడు చెప్పిన కుట్టకం అనే సమీకరణాల పద్ధతి కూడా వరసగా భాగించి శేషాన్ని పట్టుకుంటూ పోవడం మీదే నడుస్తుంది. ఈ రెండు ముక్కలూ పిల్లలకు చెప్పాను. పట్టీ కోసిన చేత్తోనే విన్నారు కాబట్టి బాగా ఎక్కింది.

ఒక ఇబ్బంది కూడా వచ్చింది. చార్టు కాగితం చాలక ఒక జట్టుకు రిబ్బను ఇచ్చాను. 50, 35 సెంటీమీటర్ల ముక్కలు. 15, తర్వాత 5 వచ్చి ఆగాలి. రిబ్బను సాగింది, కత్తెర కొంచెం పక్కకు పోయింది. చివర సన్నని పీలిక మిగిలింది. దానితో మళ్ళీ కొలవబోయారు. చేత్తో కోసినంతకాలం ఈ పీలిక బాధ తప్పదు. అక్కడ ఆపి, పట్టీలను స్కేలుతో కొలిచి అంకెల్లో అదే పని చేయించాను. 50లోంచి 35 తీస్తే 15. 35లోంచి 15 రెండుసార్లు తీస్తే 5. 15లోంచి 5 మూడుసార్లు తీస్తే సున్నా. కాగితం మీద పీలిక మిగలదు. అంకెలు ఎందుకు కావాలో ఆ అమ్మాయికి అప్పుడు తెలిసింది. ముందు అంకె, తర్వాత వస్తువు అన్న వరసను తిప్పేసినందుకే ఇది జరిగింది.

తండ్రి మాట

ఎఫ్‌ఏ పరీక్షలోని గదిని మళ్ళీ ఇచ్చాను. 540లోంచి 360 తీస్తే 180. 360లో 180 రెండుసార్లు. మిగులు లేదు. కారణాంకాల జోలికే పోకుండా నోటితోనే చెప్పేసింది. సంతోషపడ్డాను.

అప్పుడే విజయనగరంలో పైడితల్లమ్మ సిరిమాను పండగకి తండ్రి ఇంటికి వచ్చి, రెండు రోజులు ఎక్కువ ఉండి, బడి తెరిచాక కూతురితో వచ్చారు. అమ్మాయి ఆ లెక్క ఆయనకు చూపించిందట. "టీచర్‌గారూ, నూట ఎనభై టైల్ అంటే దగ్గర దగ్గర ఆరడుగులండి. మా పనికి అది రాదు. మాకు వచ్చేవి రెండడుగులవి, అంటే అరవై సెంటీమీటర్లు. అడుగువి ముప్ఫై. ఇప్పుడు ఎనభైవి కూడా వేయిస్తున్నారు" అన్నారు.

ఆయన మాటను పక్కన పెట్టి 'పుస్తకంలో అలా ఉంటుంది' అని ఉంటే అమ్మాయి మళ్ళీ కాగితాన్నీ ఇంటినీ వేరు చేసుకునేది. అందుకే దాన్నే మర్నాటి పాఠం చేశాను. 180 టైల్ దొరకదు, సరే. దొరికే వాటిలో ఏది కోయకుండా పడుతుంది? రెండు పొడవులనూ కొలిచే ఏ కొలైనా 180ని కొలిచి తీరాలని పట్టీలతో ముందే చూశారు. 180ని కొలిచేదేదైనా ఆ రెండు పొడవులనూ కొలుస్తుంది. కాబట్టి 60 పడుతుంది, 30 పడుతుంది. 80తో 180 తెగదు కాబట్టి పడదు. సరిచూశారు: 540లో 80 ఆరుసార్లు పోయి 60 మిగిలింది, 360లో నాలుగుసార్లు పోయి 40 మిగిలింది. 60 టైల్ అయితే పొడవున 9, వెడల్పున 6, మొత్తం 54.

గ.సా.భా అంటే ఒక్క జవాబని నేను ఇన్నేళ్ళూ చెబుతూ వచ్చాను. ఇంటి పనిలో దానికంటే ఎక్కువ ఉపయోగం ఈ రెండోది. అంగట్లో ఉన్న సైజుల్లో ఏది సరిపోతుందో వడకట్టడానికి ఆ ఒక్క అంకె చాలు.

తండ్రి ఇంకో సంగతి కూడా చెప్పారు. టైల్‌కీ టైల్‌కీ మధ్య రెండు మిల్లీమీటర్ల స్పేసర్ పెడతారట. 9 టైల్స్‌కి మధ్యలో 8 సందులు, 16 మిల్లీమీటర్లు. అంటే చివరి టైల్ ఎలాగూ కోయాలి. గోడలు కూడా మూలమట్టంగా ఉండవు, అందుకని ముందు దారం కట్టి, గుమ్మం దగ్గర నిండు టైల్ వచ్చేటట్టు చూసుకుని, కోసిన ముక్కలు కంటికి కనపడని వైపు పరుస్తారట. ఇవన్నీ పిల్లలకు దాచకుండా చెప్పాను. సందు లేనప్పుడు లెక్క ఏం చెబుతుందో తెలిస్తేనే, సందు పెట్టినప్పుడు ఎంత కోయాలో లెక్క కట్టగలం.

అడుగులు, అంగుళాలు

ఆయన వెళ్ళేటప్పుడు ఒక గది కొలతలు ఇచ్చి వెళ్ళారు, పని మీద కొలిచినవి: 10 అడుగుల 6 అంగుళాలు, 8 అడుగుల 9 అంగుళాలు. ఇక్కడ అమ్మాయి మళ్ళీ తడబడింది. 10, 8ల గ.సా.భా 2. 6, 9ల గ.సా.భా 3. "2 అడుగుల 3 అంగుళాలు" అని రాసింది.

ఈసారి తప్పని చెప్పలేదు. "కొలిచి చూడు, మిగులుందేమో" అన్నాను. 2 అడుగుల 3 అంగుళాలంటే 27 అంగుళాలు. గది పొడవు 126 అంగుళాలు. 27 నాలుగుసార్లు పోయి 18 మిగిలింది. తనే కొట్టేసింది. రెండు కొలతలనూ అంగుళాల్లోకి మార్చి 126లోంచి 105 తీసింది. 21. 105లో 21 అయిదుసార్లు. 21 అంగుళాలు, అంటే అడుగు తొమ్మిదంగుళాలు. పొడవున ఆరు, వెడల్పున అయిదు.

రెండు ప్రమాణాలు కలిసి ఉన్న కొలతలో ఏ ముక్కకు ఆ ముక్క గ.సా.భా చేయకూడదని నేను నియమంలా చెబితే రెండు రోజుల్లో మర్చిపోయేది. మిగులు తనకే కనిపించింది కాబట్టి మర్చిపోలేదు. ఈ కేసులో నాకు అన్నిటికంటే నచ్చిన రోజు ఇదే. మొదటి పరీక్షలో 1080 రాసి అడుగున గీత గీసిన అమ్మాయి ఇప్పుడు జవాబును తనే కొలిచి చూసుకుంది.

బడి తోట

మధ్యాహ్న భోజనానికి ఆకుకూరలు పెంచే చిన్న తోట ఉంది బడిలో. మేకలు దూరుతున్నాయని చుట్టూ సరుగుడు కర్రలు పాతి తీగ కట్టాలనుకున్నాం. తోట 16 మీటర్ల 80 సెంటీమీటర్ల పొడవు, 11 మీటర్ల 20 సెంటీమీటర్ల వెడల్పు. నాలుగు మూలల్లోనూ కర్ర ఉండాలి, కర్రకీ కర్రకీ దూరం అంతటా ఒకటే ఉండాలి. ఎన్ని కర్రలు తెప్పించాలో తేల్చమని ఈ అమ్మాయి జట్టుకు అప్పగించాను. ఏ పద్ధతి వాడాలో చెప్పలేదు.

1680లోంచి 1120 తీస్తే 560. 1120లో 560 రెండుసార్లు. "అయిదు మీటర్ల అరవై" అంది. అంతలోనే, "అంత దూరంగా పాతితే తీగ వేలాడిపోద్ది టీచర్. సగం చేద్దాం" అంది. 280. పొడవున ఆరు ఖాళీలు, వెడల్పున నాలుగు.

జట్టులో ఒకరు పొడవు వైపు 7 కర్రలు, వెడల్పు వైపు 5 కర్రలు, రెండేసి వైపులు కాబట్టి 24 అన్నారు. అమ్మాయి ఒప్పుకోలేదు. మూల కర్రలు రెండేసిసార్లు లెక్కలోకి వచ్చాయని నేల మీద పుల్లలు పెట్టి చూపించింది. చుట్టుకొలత 56 మీటర్లు, దాన్ని 2 మీటర్ల 80తో కొలిస్తే 20. ఇరవై కర్రలు తెప్పించాం, సరిపోయాయి.

ఆరు లెక్కలు, ఒక తప్పు

చివరికి గుర్తు మాటలేవీ లేకుండా ఆరు లెక్కలు ఇచ్చాను. అయిదు సరిగ్గా చేసింది. తప్పిన ఒక్కటి ఇది. పొద్దున 6 గంటలకు రాజాం బస్సు, చీపురుపల్లి బస్సు ఒకేసారి బయల్దేరాయి. ఒకటి 40 నిమిషాలకోసారి, ఇంకొకటి 60 నిమిషాలకోసారి ఉంటుంది. మళ్ళీ ఎప్పుడు రెండూ ఒకేసారి బయల్దేరతాయి? ఆమె 20 నిమిషాలు అని రాసింది. 6 గంటల 20 నిమిషాలకు ఆ రెండిట్లో ఒక్క బస్సు కూడా లేదు.

ఈ తప్పు నా వల్ల జరిగింది. రెండు నెలలు కొల వెతికించాను కాబట్టి ఆమె ఇక్కడ కూడా కొలే వెతికింది. దీని గురించి ఆలోచిస్తున్నప్పుడే ఇన్నాళ్ళూ చెప్పలేకపోయిన మాట ఒకటి దొరికింది. గ.సా.భా లెక్కలో మనకు పొడవులు ఇస్తారు, కొల వెతకాలి. క.సా.గు లెక్కలో కొలలు ఇస్తారు, వాటన్నిటితో మిగులు లేకుండా తెగే పొడవు వెతకాలి. గది 540, 360 అంటే అవి పొడవులు. బస్సులు 40, 60 అంటే అవి కొలలు. 40తో కొలిచినా 60తో కొలిచినా మిగులు లేని మొదటి పొడవు 120 నిమిషాలు, అంటే రెండు బస్సులూ మళ్ళీ 8 గంటలకు కలుస్తాయి.

ఇలా చెప్పాక అమ్మాయి మొదట చేసిన పని, తన పాత ఎఫ్‌ఏ పేపరు తెచ్చి 1080 చూపించి, "అయితే ఇది దేనికి జవాబు టీచర్?" అని అడగడం. 540, 360లను కొలలుగా తీసుకుని, 540 పొడవు 360 వెడల్పు ఉన్న చాపలను ఒకే వైపుకు పెడుతూ అన్నిటికంటే చిన్న చతురస్రం పరిస్తే దాని భుజం 1080 అని ఇద్దరం కలిసి తేల్చాం. ఒక వైపు రెండు, ఇంకో వైపు మూడు, మొత్తం ఆరు చాపలు.

ఇంకా మిగిలింది

పొడవు లెక్కల్లో, బరువు లెక్కల్లో ఇప్పుడు తడబాటు లేదు. జవాబు రాసే ముందు, కొల అయితే ఇచ్చిన వాటిలో చిన్నదానికంటే పెద్దది కాకూడదని, పొడవు అయితే పెద్దదానికంటే చిన్నది కాకూడదని చూసుకుంటుంది. కాలం లెక్కల్లో మాత్రం నాలుగిట్లో ఒకటి ఇంకా తప్పుతోంది. నిమిషాలను పట్టీలా పరిచి చూడడం పొడవంత తేలిక కాదు. ఈ అమ్మాయి ఎనిమిదికి వచ్చింది. ఏడో తరగతి కొత్త పిల్లలకు ఈసారి మానికతో మొదలుపెట్టను, నేరుగా 84, 60 పట్టీలే ఇస్తాను. బస్సుల లెక్కకు మాత్రం నేల మీద సుద్దముక్కతో ఆరు నుంచి పది గంటల దాకా ఒక పొడవాటి గీత గీసి, ఇద్దరు పిల్లల్లో ఒకరితో 40 నిమిషాల అడుగులు, ఇంకొకరితో 60 నిమిషాల అడుగులు వేయిస్తాను. పక్కన నిలబడి వాళ్ళు ఎక్కడ కలుస్తారో చూడమని ఈ అమ్మాయినే పిలిచాను. వస్తానంది.